ఈఎంఐ తగ్గిందని సంబరపడకు తల్లీ

చిట్టితల్లికి,

పెద్దమ్మ ఆశీస్సులు. హైదరాబాదు నల్లగండ్లలో ఫ్లాట్ చూశారని, అడ్వాన్సు కూడా ఇచ్చేశారని మీ అమ్మ ఫోన్లో చెప్పగానే నాకు ఎంత సంతోషం వేసిందో రాయలేను. మన ఇంట్లో ఒక ఆడపిల్ల తన జీతంతో, తన పేరు మీద ఇల్లు కొనడం ఇదే మొదటిసారి. మీ అమ్మమ్మ ఉండుంటే వీధంతా తిరిగి చెప్పొచ్చేది. ఆ సంతోషంలోనే "లోను ఎన్నేళ్ళకు తీసుకుంటున్నారే?" అని అడిగాను. "ముప్పై ఏళ్ళకక్కా, ఈఎంఐ తక్కువ పడుతుందట" అంది. ఇక ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

తెల్లారగానే కాగితం, క్యాలిక్యులేటర్ ముందేసుకుని కూర్చున్నాను. జీవితమంతా బడిలో చక్రవడ్డీ లెక్కలు చెప్పినదాన్ని, నీ లెక్క చూడకుండా ఎలా ఉంటాను?

ముందు మామూలు సంగతులు చెప్పేస్తాను. ఆ ఆస్తి మీద అప్పులూ తాకట్లూ ఉన్నాయేమో చూపే ఈసీ తీయించు, లింకు డాక్యుమెంట్లు, అంటే అంతకుముందు చేతులు మారిన పాత దస్తావేజులు, బ్యాంకు లాయరుకే కాక మన లాయరుకు కూడా చూపించు. రెరా నంబరు, అదే బిల్డరు ప్రభుత్వం దగ్గర చేయించిన ప్రాజెక్టు రిజిస్ట్రేషన్ నంబరు, సైట్లో సరిచూసుకో. రిజిస్ట్రేషన్‌కి సుమారు ఏడున్నర శాతం అవుతుంది, దానికి బ్యాంకు అప్పివ్వదు, ఆ డబ్బు వేరే ఉంచుకో. ఆడవాళ్ళ పేరు మీద తీసుకుంటే కొన్ని బ్యాంకులు వడ్డీ 0.05 శాతం తగ్గిస్తాయి, మొహమాటపడకుండా అడుగు. ఇవన్నీ నీకు తెలిసినవే. నేను ఈ ఉత్తరం రాస్తున్నది వీటి కోసం కాదు.

అరవై లక్షలు, ఎనిమిదిన్నర శాతం వడ్డీ అన్నావు. ఇరవై ఏళ్ళకైతే నెలకు 52,069 రూపాయలు. ముప్పై ఏళ్ళకైతే 46,135. తేడా ఆరు వేలు కూడా లేదు. బ్యాంకు కుర్రాడు నీకు చూపించింది ఈ తేడా ఒక్కటే అయ్యుంటుంది. ఇప్పుడు మొత్తం చూడు. ఇరవై ఏళ్ళలో నువ్వు కట్టేది కోటీ పాతిక లక్షలు. ముప్పై ఏళ్ళలో కోటీ అరవై ఆరు లక్షలు. నెలకు ఆరు వేలు మిగుల్చుకోవడానికి నలభై ఒక్క లక్షలు ఎక్కువ కడుతున్నావన్నమాట. ఎనభై ఐదు లక్షల ఫ్లాటుకు, నీ చేతి డబ్బు పాతిక లక్షలు కూడా కలిపితే, దగ్గర దగ్గర రెండు కోట్లు పెడుతున్నావు. ఇంటి ధర ఎంత అని ఎవరైనా అడిగితే నువ్వు చెప్పాల్సిన అంకె అది.

అంతకంటే నన్ను భయపెట్టింది ఇంకొకటి ఉంది. మొదటి నెల వడ్డీ ఎంతో తెలుసా? 42,500. నీ 46,135లో అది పోగా అసలుకు జమ అయ్యేది 3,635 రూపాయలు. అరవై లక్షల అప్పులో మూడు వేల ఆరు వందలు! ఐదేళ్ళు క్రమం తప్పకుండా కట్టాక, సుమారు ఇరవై ఎనిమిది లక్షలు బ్యాంకుకు పోశాక, ఇంకా యాభై ఏడు లక్షల పైన బాకీ ఉంటావు. ఇందులో మోసమేమీ లేదు. తగ్గుతున్న బాకీ మీద వడ్డీ వేస్తే ఎక్కడైనా ఇలాగే ఉంటుంది. బాకీ పెద్దగా ఉన్న మొదటి ఏళ్ళలో వడ్డీ ముందు తన వాటా తీసుకుంటుంది, మిగిలిందే అసలుకు వెళ్తుంది. ఆ మిగిలేది ఎంత అన్నదే నువ్వు కనిపెట్టుకుని ఉండాల్సింది. ఈఎంఐ ఎంతో అందరూ చూస్తారు. ఈఎంఐకి, ఆ నెల వడ్డీకి మధ్య సందు ఎంతుందో ఎవరూ చూడరు. మీ పెదనాన్న కూడా చూడలేదు.

ఆయన సంగతి నీకు ఎప్పుడూ చెప్పలేదు, ఎందుకంటే అప్పుడు నువ్వు చిన్నపిల్లవి. ఇప్పుడు రాయమని ఆయనే అన్నారు.

2004లో బెజవాడలో మేమున్న ఈ ఫ్లాట్ కొన్నాం. ఎనిమిది లక్షల లోను, పదిహేనేళ్ళు, ఏడున్నర శాతం. నెలకు 7,416. పదిహేనేళ్ళే ఎందుకంటే, 2019లో ఆయన రిటైర్మెంటు. చివరి జీతంతో చివరి ఈఎంఐ కట్టేయాలని లెక్క. చాలా ముచ్చటపడి వేసుకున్న లెక్క అది. అప్పట్లో వడ్డీలు బాగా తగ్గి ఉన్నాయి, ఇంకా తగ్గుతాయని అందరూ అనేవాళ్ళు. అందుకని ఫ్లోటింగ్ రేటు, అంటే ఎప్పటికప్పుడు పెరుగుతూ తగ్గుతూ ఉండే వడ్డీ, తీసుకున్నారు. తీసుకోవడం తప్పు కాదు, దాన్ని గమనించకపోవడమే తప్పయింది.

తర్వాత వడ్డీలు పెరగడం మొదలైంది. బ్యాంకు నుంచి అప్పుడప్పుడూ ఉత్తరాలు వచ్చేవి. ఆయన కవరు చింపి, ఈఎంఐ 7,416 అనే అంకె అలాగే ఉందా లేదా చూసి, ఉంది కదా అని మడిచి బీరువాలో పెట్టేసేవారు. పక్క ఫ్లాటు వాళ్ళు వడ్డీలు పెరిగాయని వాపోతుంటే "మనకేం పెరగలేదు" అనేవారు. పాపం, నిజంగానే అలా నమ్మారు.

2009 జనవరిలో ఆఫీసులో టాక్సు లెక్కల కోసం వడ్డీ సర్టిఫికెట్ అడిగారు. దాంతోపాటు స్టేట్‌మెంట్ కూడా ఇమ్మని నేనే అడిగాను. బ్యాంకు బయట, స్కూటరు దగ్గర నిలబడి చదివాను. ఒక్కో వరుసలో మూడు అంకెలు. కట్టింది 7,416. వడ్డీ 7,000 చిల్లర. అసలుకు జమ, నాలుగు వందల చిల్లర. వడ్డీ రేటు 12 శాతం అని రాసుంది. నాలుగున్నరేళ్ళలో దాదాపు నాలుగు లక్షలు కట్టాం, ఎనిమిది లక్షల్లో తగ్గింది లక్ష. ఏడు లక్షలు అలాగే కూర్చుని ఉంది.

మళ్ళీ లోపలికి వెళ్ళి అడిగితే, "రేటు పెరిగినప్పుడు ఈఎంఐ పెంచితే కస్టమర్లు ఇబ్బంది పడతారమ్మా, అందుకని నెలలు పెంచుతాం" అన్నాడు అక్కడి ఆఫీసరు. ఎన్ని నెలలయ్యా అంటే కంప్యూటర్లో చూసి, ఇంకో 289 అన్నాడు. ఇరవై నాలుగేళ్ళు. 2019లో తీరాల్సిన అప్పు 2033 దాకా వెళ్ళింది. పెదనాన్న ఇంటికొచ్చి కంచం ముందు కూర్చుని చాలాసేపటికి ఒక్క మాట అన్నారు. "రిటైరయ్యాక పద్నాలుగేళ్ళు ఎవరు కడతారే?"

దారుణం ఏమిటంటే, ఆ ఏడాదే కొత్తగా లోను తీసుకునేవాళ్ళకు మొదటి ఏడాది ఎనిమిది శాతానికే ఇచ్చారు. పాతవాళ్ళం మాత్రం పన్నెండు దగ్గరే ఉన్నాం. మాకు తగ్గించాలంటే ఫీజు కట్టి, అర్జీ పెట్టుకోవాలి. ముందే తీర్చేద్దామంటే దానికీ పెనాల్టీ. ఫీజు కట్టి రేటు మార్పించుకున్నాం. ఈఎంఐ పదిన్నర వేలకు పెంచుకున్నాం. జీతాలు సవరించి నా పీఆర్సీ అరియర్స్ వచ్చిన ప్రతిసారీ తీసుకెళ్ళి అసలుకే కట్టాను. చివరికి 2016లో తీరింది.

తీరింది కానీ ఊరికే తీరలేదు. మీ అక్కకు ఇంజనీరింగ్ సీటు హైదరాబాదులో మంచి కాలేజీలో వచ్చింది. ఫీజు, హాస్టలు, ఈ ఈఎంఐ మూడూ కలిసి మా వల్ల కాలేదు. ఇక్కడే ఇంటి నుంచి వెళ్ళొచ్చే కాలేజీలో చేర్పించాం. అది నోరు తెరిచి ఒక్క మాట అనలేదు. ఇప్పుడు బాగానే ఉంది కూడా. కానీ ఆ ఆగస్టులో దాని స్నేహితురాళ్ళు పెట్టెలు సర్దుకుని రైలెక్కుతుంటే స్టేషనుకు వెళ్ళి సాగనంపి వచ్చింది చూడు, అది నేను మర్చిపోలేను. అందుకే నీ ముప్పై ఏళ్ళు విని నిద్ర పట్టలేదు తల్లీ.

ఇప్పుడు రోజులు కొంత మెరుగే. 2012లో రిజర్వు బ్యాంకు ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్లు ముందే తీరిస్తే పెనాల్టీ వేయకూడదంది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్త లోన్ల వడ్డీని రెపో రేటు (రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) లాంటి బయటి కొలమానానికి కట్టాలి. తగ్గితే నీకూ తగ్గుతుంది. అయితే పెరిగితే అంతే వేగంగా పెరుగుతుంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపే రెపో నాలుగు నుంచి ఆరున్నరకు వెళ్ళింది. ఏడాది కూడా పట్టలేదు. మా పన్నెండు శాతం కథ అంతా మళ్ళీ కొత్తగా లోన్లు తీసుకున్న పిల్లలకు జరిగింది. అప్పుడు రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఇంకో ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచమంటావా, కాలం పెంచమంటావా, రెండూ కొంచెం కొంచెమా అని బ్యాంకు నిన్ను అడగాలి. ఆ మెసేజి వచ్చినప్పుడు చూడకుండా వదిలేయకు. నీకు చేతనైనంత వరకు ఈఎంఐ పెంచమనే చెప్పు.

నీ లెక్కకే వస్తాను. ముప్పై ఏళ్ళ లోను తీసుకున్నాక రేటు ఒక్క శాతం పెరిగి తొమ్మిదిన్నర అయిందనుకో. అరవై లక్షల మీద నెల వడ్డీ 47,500. నీ ఈఎంఐ 46,135. వడ్డీకే చాలదు! ఈఎంఐ పెంచకపోతే, నెలనెలా కడుతూ కూడా అప్పు పెరుగుతుంది. ఇరవై ఏళ్ళదైతే 52,069 కడుతున్నావు కాబట్టి వడ్డీ పోగా నాలుగున్నర వేలు అసలుకు పడుతుంది. అప్పుడు కూడా ఈఎంఐ పెంచకపోతే కాలం ఐదేళ్ళ పైన సాగుతుంది, కానీ ఊపిరాడుతుంది. ఎక్కువ ఏళ్ళంటే ఎక్కువ వెసులుబాటు అని నీకు ఎవరు చెప్పారో గానీ, రేటు పెరిగిన రోజున అందులో వెసులుబాటే ఉండదు.

ఇరవై ఏళ్ళకు తీసుకో. అల్లుడికి ముప్పై నాలుగు కదా, యాభై నాలుగుకు అయిపోతుంది. ఏటా బోనస్ వచ్చినప్పుడు ఒక్క ఈఎంఐ అదనంగా కట్టు. మూడేళ్ళ పైన కాలం తగ్గుతుంది, పది లక్షల పైన వడ్డీ మిగులుతుంది. కట్టేటప్పుడు "ఈఎంఐ తగ్గించొద్దు, కాలం తగ్గించండి" అని రాతపూర్వకంగా అడుగు, జమ అయ్యాక కొత్త షెడ్యూలు తీసుకో. మొదటి ఏడేళ్ళలో కట్టినదానికే ఎక్కువ ఫలం, చివర్లో కడితే మిగిలేది తక్కువ.

నెలకు ఆ ఆరు వేలు ఎక్కడి నుంచి తేవాలి అంటావేమో. మీ ఇద్దరి జీతాలు నాకు తెలుసు, మీ ఇంట్లో వారానికి ఎన్నిసార్లు బయటి తిండి వస్తుందో కూడా తెలుసు. కోప్పడుతున్నానని అనుకోకు. నిజంగానే ఆరు వేలు కష్టమనిపిస్తే మాత్రం ఇల్లు మానేయకు, లోను తగ్గించు. రెండేళ్ళు ఆగి ఇంకో పది లక్షలు కూడబెట్టినా సరే. రేపు పిల్లలు పుడతారు, నువ్వు కొన్నాళ్ళు ఉద్యోగం ఆపాల్సి రావచ్చు. మీ సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు ఎప్పుడు ఎలా ఉంటాయో చూస్తూనే ఉన్నాం. ఒక్క జీతంతో ఈఎంఐ కట్టి, బియ్యం పప్పూ కొనుక్కోగలరా అని ఇద్దరూ కూర్చుని ఒకసారి చూసుకోండి. ఆరు నెలల ఈఎంఐ ఎఫ్‌డీలో వేసి ఉంచండి, దాన్ని ఇంటీరియర్‌కి ముట్టుకోవద్దు.

ఇంకో మాట. సాంక్షన్ లెటర్‌లో, అంటే బ్యాంకు లోను మంజూరు చేస్తూ ఇచ్చే కాగితంలో, ఇన్సూరెన్సు ప్రీమియం అని ఒక లక్షా ఎనభై వేలో ఎంతో లోనులోనే కలిపేస్తారు. ఆ లక్షా ఎనభై వేలకు కూడా ఇరవై ఏళ్ళు వడ్డీ కడితే మూడు లక్షల డెబ్భై ఐదు వేలవుతుంది. బ్యాంకు దగ్గరే తీసుకోవాలన్న రూలేమీ లేదు. ఇద్దరి పేరునా విడిగా టర్మ్ పాలసీలు, అంటే మనిషి పోతే ఇంట్లోవాళ్ళకు డబ్బొచ్చే పాలసీలు, తీసుకోండి. ఇది మాత్రం వాయిదా వేయొద్దు. ఎందుకు చెబుతున్నానో నీకు విడమర్చి చెప్పనక్కర్లేదు, మీ నాన్న పోయినప్పుడు మీ అమ్మ చేతిలో ఏముందో నువ్వు చూశావు.

టాక్సు మిగులుతుంది కదా అని ఎవరైనా అంటే పట్టించుకోకు. ఆదాయపు పన్ను పాత పద్ధతిలో సొంతింటి వడ్డీ మీద ఏడాదికి రెండు లక్షల వరకే మినహాయింపు. ముప్పై శాతం స్లాబులో అయినా అరవై రెండు వేల దాకా మిగులుతుంది, కానీ మొదటి ఏడాది నువ్వు కట్టే వడ్డీ ఐదు లక్షలు. కొత్త పద్ధతిలో అయితే ఉంటున్న ఇంటికి అది కూడా లేదు. అల్లుడు ఏ పద్ధతిలో ఉన్నాడో కనుక్కో.

సాంక్షన్ లెటర్ రాగానే సంతకం పెట్టకుండా ప్రతి పేజీ ఫొటో తీసి నాకు వాట్సాప్ చెయ్యి. రెపో మీద ఎంత కలుపుతారో (అదే స్ప్రెడ్డు), రేటు ఎన్ని నెలలకోసారి మారుస్తారో (అదే రీసెట్), రేటు మార్చుకోవాలంటే ఫీజు ఎంతో, ఈ మూడూ అందులో ఎక్కడున్నాయో వెతికి పెన్సిలుతో గీత పెట్టు. శనివారం మధ్యాహ్నం నేను, పెదనాన్న ఇద్దరం ఖాళీయే. అల్లుణ్ణి కూడా పక్కన కూర్చోబెట్టుకుని వీడియో కాల్ చెయ్యి, ఎక్సెల్ షీటు నువ్వే వేద్దువుగాని. గృహప్రవేశం ముహూర్తం సంగతి మీ అమ్మ పంతులుగారిని అడుగుతోంది. వైశాఖంలో అయితే నాకు ఎండ దెబ్బ, అయినా వస్తాను.

మీ
పెద్దమ్మ