2 జీబీ ర్యామ్ ఉన్న పాత కంప్యూటర్‌లో విండోస్ 7 ఏది వేయాలి: 32 బిట్టా, 64 బిట్టా?

2 జీబీకి 32 బిట్టే వేయండి. 64 బిట్‌లో మెమరీ చిరునామా ఒక్కోటి 4 బైట్లకు బదులు 8 బైట్లు తీసుకుంటుంది కాబట్టి, అదే పనికి ర్యామ్ ఎక్కువ పడుతుంది. ర్యామ్ నిండితే విండోస్ కొంత డేటాను హార్డ్‌డిస్క్‌లోని పేజింగ్ ఫైల్‌కు తోస్తుంది. డిస్క్ ర్యామ్ కంటే ఎన్నో రెట్లు నిదానం.

కడపలో ఓ జిరాక్స్ షాపు కంప్యూటర్ అనుకోండి: బ్రౌజర్, స్కానర్, వర్డ్ మూడూ తెరిస్తే చాలు, 64 బిట్‌లో డిస్క్ లైటు ఆరకుండా వెలుగుతూనే ఉంటుంది. 32 బిట్ వేశాక రన్‌లో (విండోస్ కీ, R కలిపి నొక్కితే వచ్చే పెట్టెలో) ఎంఎస్‌కాన్ఫిగ్ (msconfig) అని కొట్టి, స్టార్టప్‌లో, అంటే కంప్యూటర్ ఆన్ కాగానే వాటంతటవే తెరుచుకునే ప్రోగ్రాముల జాబితాలో, అక్కర్లేనివాటికి టిక్కు తీసేయండి. యాంటీవైరస్ టిక్కు మాత్రం తీయొద్దు.

పేజింగ్ ఫైల్ తీసేస్తే వేగం పెరుగుతుందని చాలామంది అనుకుంటారు. పెరగదు, ర్యామ్ చాలక ప్రోగ్రాములు మధ్యలో మూసుకుపోతాయి. ఇంకో మాట: విండోస్ 7కి మామూలు భద్రతా అప్‌డేట్లు 2020 జనవరి 14తో ఆగిపోయాయి, బ్యాంకు పనులు అందులో చేయకండి.