మతచరిత్రను తెరకెక్కించే చరిత్రకారుడు ఎవరి పక్షం?

ప్రశ్న: మతాల మీద డాక్యుమెంటరీలు తీసే చరిత్రకారుడు ఆ మతాన్ని నమ్మేవాడైతే పొగుడుతాడు, నమ్మనివాడైతే ఎత్తిపొడుస్తాడు. అలాంటప్పుడు వాటిని చరిత్రగా ఎలా స్వీకరించాలి?
– ఒక పాఠకురాలు, రాజమహేంద్రవరం

జవాబు: మీ అనుమానం సబబైనదే. అయితే ఆయనకు నమ్మకం ఉందా లేదా అని ఆరా తీయడం కంటే, కథను ఎక్కడి నుంచి ఎత్తుకున్నాడో గమనిస్తే అసలు సంగతి తెలుస్తుంది. ఆక్స్‌ఫర్డ్‌లో చర్చి చరిత్ర ఆచార్యుడిగా పనిచేసిన డర్మడ్ మెకల్లక్‌నే తీసుకోండి. ఆయన ఆంగ్లికన్ మతగురువు కుమారుడు. 1987లో, గురువు కంటే ఒక మెట్టు కింద ఉండే డీకన్‌గా అభిషేకం పొందినా, స్వలింగ ప్రేమికుల పట్ల చర్చి వైఖరి వల్ల గురువు కావడానికి నిరాకరించారు. తనను తాను క్రైస్తవానికి మొహమాటం లేని మిత్రుడిగా చెప్పుకుంటారు.

2009లో బీబీసీ ప్రసారం చేసిన ఆయన ఆరు భాగాల క్రైస్తవ చరిత్ర, పౌలు వెంట రోముకు వెళ్లే అలవాటైన దారిని పక్కనబెట్టి, జెరూసలేం నుంచి తూర్పుగా సిరియా మీదుగా చైనా దాకా సాగుతుంది. ఇది ఊహాగానమేమీ కాదు. సియాన్ నగరంలో 781లో నిలిపిన శిలాశాసనం, అలోపెన్ అనే గురువు 635లో టాంగ్ చక్రవర్తి రాజధానికి వచ్చాడని చెబుతుంది. ఆ రాతి మీద చైనా అక్షరాలతో పాటు తూర్పు క్రైస్తవులు వాడిన సిరియాక్ భాష లిపి కూడా ఉంది, శిరోభాగాన చెక్కిన శిలువ తామరపువ్వు మీద నిలిచి ఉంటుంది. (మన కేరళ సుర్యానీ క్రైస్తవులకు చుట్టరికం ఈ తూర్పు శాఖతోనే.)

నాకు పేచీ ఉన్నది మరొక చోట. సియాన్ సమీపంలోని దాచిన్ గోపురం ఒకప్పటి క్రైస్తవ మఠానిదన్న వాదాన్ని పలువురు పండితులు ఒప్పుకోరు. పుస్తకంలోనైతే ఆ అభ్యంతరాన్ని అడుగున చిన్న అక్షరాల్లో చేర్చవచ్చు. తెర మీద మాత్రం, పచ్చని కొండల నడుమ ఒరిగి నిలిచిన ఆ కట్టడం కనిపించగానే చూసేవారి మనసులో సందేహానికి చోటుండదు. కాబట్టి ఇలాంటి చిత్రాల్లో చరిత్రకారుడి విశ్వాసం కంటే కెమెరా అందాన్నే ఎక్కువ అనుమానించాలని నా అభిప్రాయం.

ప్రశ్న: డర్మడ్ మెకల్లక్ రాసిన క్రైస్తవ చరిత్ర పుస్తకం ఉపశీర్షికలో క్రైస్తవానికి ‘మొదటి మూడు వేల ఏళ్లు’ అని ఉంది. అచ్చుతప్పా?
– ఒక పాఠకుడు, నల్లగొండ

జవాబు: కాదు. వెయ్యి పేజీలు దాటిన ఆ గ్రంథం యేసుకు సుమారు వెయ్యేళ్ల ముందటి గ్రీకులతో, ఇశ్రాయేలీయులతో మొదలవుతుంది. యూదుల దేవుణ్ణీ గ్రీకు తత్వవేత్తల పదజాలాన్నీ తెలుసుకోనిదే తొలి క్రైస్తవుల వాదోపవాదాలు అర్థం కావని ఆయన ఉద్దేశం. యోహాను సువార్తలో ‘ఆదియందు వాక్యముండెను’ అని మనం తెలుగులో చదివే చోట మూలంలో ఉన్నది ‘లోగోస్’. ఆ మాటను యోహాను కంటే కొన్ని వందల ఏళ్ల ముందే గ్రీకు తత్వవేత్తలు వాడారు.