వారానికి ఒక్క సంతే దిక్కైన చోట రోజూ ఆకుకూర తినడం కుదురుతుందా?

ప్రశ్న ఇదీ: హైదరాబాద్‌లో కోకాపేట వైపు కొత్త అపార్ట్‌మెంట్. కిందికి దిగితే బేకరీలు, కర్రీ పాయింట్లే. కూరగాయలకి వారానికోసారి సంత, లేదంటే మెహదీపట్నం రైతు బజార్ దాకా పోవాలి. ఇలాంటి చోట ఆరోగ్యంగా ఏం తింటాం?

తినొచ్చు. దొరక్కపోవడం సగం కష్టమే, తెచ్చింది ఫ్రిజ్‌లో కుళ్లబెట్టుకోవడం మిగతా సగం.

సంతకి సాయంత్రం నాలుగింటికే వెళ్లండి. రాత్రి తొమ్మిదికి ధర దిగుతుంది, నిజమే. కానీ అప్పటికి ఆకు మీద పదిసార్లు నీళ్లు చల్లి ఉంటారు. ఆ తడే దాన్ని పాడుచేసేది. ఇంటికి రాగానే కట్ట విప్పేయండి, తాడు బిగిసిన చోటే కాడలు నలిగి కుళ్లు మొదలవుతుంది. పండుటాకులు ఏరి, వేళ్లు కోసేయండి. కడగొద్దు. ఫ్యాన్ కింద అరగంట ఆరనిచ్చి, పొడి నూలుగుడ్డలో వదులుగా చుట్టి డబ్బాలో పెట్టండి. మర్నాడు గుడ్డ చెమ్మగిల్లితే మార్చాలి. ఈ ఒక్క పనీ ఎవరూ చెయ్యరు, మూడోరోజుకి ఆకు జిగురెక్కిందని ఫ్రిజ్‌ని తిడతారు. మాగిన అరటిపళ్లు దగ్గర పెట్టకండి, వాటి నుంచి వచ్చే ఎథిలీన్ అనే వాయువుకి ఆకు పసుపెక్కుతుంది.

తోటకూర, పాలకూర మొదటి రెండు రోజుల్లో వండేయాలి. తర్వాత బెండ, వంకాయ, బీర. క్యారెట్, బీట్‌రూట్ చివరికి. గోంగూర మాత్రం తెచ్చిన రోజే కాస్త నూనెలో నీరు ఇగిరేదాకా మగ్గించి ఫ్రిజ్‌లో పెట్టుకుంటే నాలుగైదు రోజులు పప్పులో కలుపుకోవచ్చు.

వారం చివర ఆకు అయిపోతుందిగా, దానికి మెంతులు. మూడు చెంచాలు రాత్రి నానబెట్టి, అడుగున చిల్లులున్న ట్రేలో రెండంగుళాల మట్టి పోసి చల్లండి, పైన పలచగా మట్టి కప్పండి. పది పన్నెండు రోజుల్లో ఒక పూట పప్పుకి సరిపడా చిన్న మెంతికూర వస్తుంది. నీళ్లు పోస్తే మొలకలు మొదలు దగ్గర కుళ్లి వాలిపోతాయి, చిలకరిస్తే చాలు.

ఓపిక లేని రోజు కర్రీ పాయింట్‌కి వెళ్లినా తప్పులేదు, పప్పు తెచ్చుకోండి. వేపుడు జోలికి పోకండి.

అసలు ఈ గేటెడ్ కమ్యూనిటీల్లో స్విమ్మింగ్ పూల్‌కి చోటుంటుంది, తోపుడు బండి మాత్రం గేటు దాటకూడదు! అసోసియేషన్ మీటింగ్‌లో పొద్దున ఏడు నుంచి ఎనిమిది దాకా ఒక్క బండికి అనుమతి అడగండి. సరుకు మిగిలిపోతుందనే బండివాళ్ల భయం. ముందు రాత్రే వాట్సాప్ గ్రూపులో ఎవరికెన్ని కట్టలో రాసి పంపితే అంతే తెస్తారు.