పుకారుకు రచయిత ఉంటాడు

అమ్మాయికి ఆశీస్సులు.

హిట్లర్ కాలపు పోలండ్‌లో ఒక యూదు కుటుంబం గురించి నువ్వు రాసి పంపిన కథ చేరి చాలా రోజులైంది. కోపంలో రాసిన ఉత్తరం పోస్టు చెయ్యకూడదని నాకొక నియమం. తగ్గుతుందేమోనని చూశాను, తగ్గలేదు. ఇక రాసేస్తున్నాను. నిన్నెప్పుడూ చూడకపోయినా వయసు ఇచ్చిన చనువుతో ‘నువ్వు’ అంటున్నాను, ఏమీ అనుకోకు.

భాష బాగుంది. రైలుపెట్టెలో తల్లి కూతురి జడ విప్పి మళ్ళీ అల్లే చోటు బాగుంది. మెచ్చుకోలు అయిపోయింది.

నన్ను ఆపేసింది మూడో పేజీ. నాయిక తాతగారికి వంకర ముక్కు పెట్టావు, సన్నటి వేళ్ళు పెట్టావు, దీపం వత్తి తగ్గించి నాణేలు లెక్కపెట్టించావు. పైగా ఊళ్ళో సగంమంది ఆయనకు బాకీపడ్డారనీ, అందుకే వాళ్ళకు యూదులంటే పడదనీ ఒక వాక్యం. జాలితోనే రాశావు, తెలుస్తూనే ఉంది. అయితే ఆ ముక్కు నీ చేతికి ఎలా వచ్చింది? పోలండ్ చిన్న ఊళ్ళలో బతికిన యూదుల్లో దర్జీలు, చెప్పులు కుట్టేవాళ్ళు, బండి తోలేవాళ్ళు, చిల్లర సరుకు అమ్ముకునేవాళ్ళు ఎందరో. నీ తాతగారు వాళ్ళలోంచి రాలేదు. బడిలో మనందరం విన్న షైలాక్ కథలోంచి, ‘వెనిస్ వర్తకుడు’ నాటకంలోని ఆ యూదు వడ్డీ వ్యాపారి కథలోంచి, వచ్చాడు. మన పత్రికలు కూడా అధిక వడ్డీల వార్త దొరికితే చాలు, శీర్షికలో ఆ పేరు తగిలిస్తాయి.

షేక్‌స్పియర్ ఆ పాత్రను రాసింది 1590ల చివర్లో. ఇంగ్లండు నుంచి యూదులను మొదటి ఎడ్వర్డు రాజు 1290లోనే వెళ్ళగొట్టాడు. మళ్ళీ బాహాటంగా ఉండనిచ్చింది 1650లలో, క్రామ్‌వెల్ కాలంలో. అంటే ఆ నాటకం చూసి నవ్విన లండన్ జనంలో ఎక్కువమంది, వాళ్ళ తాతముత్తాతలతో సహా, యూదుడిగా బతికే మనిషి ముఖమే ఎరగరు. మనిషి లేని చోట ఆ బొమ్మ మూడువందల ఏళ్ళు ఎలా నిలిచింది? చర్చి ఉపదేశాల్లో, పాటల్లో, నాటకాల్లో నిలిచింది.

ఇక అప్పుల సంగతి. ఆనాటి యూరప్‌లో చాలాచోట్ల యూదుడికి భూమి దక్కనివ్వలేదు, వృత్తి సంఘాలు తలుపులు మూసేశాయి. క్రైస్తవుడు తోటి క్రైస్తవుడి దగ్గర వడ్డీ తీసుకోవడం పాపమని చర్చి శాసించింది. అలా వడ్డీ వ్యాపారం కొందరి పాలబడింది. ఇంగ్లండులో రాజు వాళ్ళను తన సొత్తుగా లెక్కగట్టి, వాళ్ళు వసూలు చేసినదాన్ని పన్నుల పేరుతో తాను గుంజుకునేవాడు. లింకన్ పట్టణపు ఆరన్ అనే వడ్డీ వ్యాపారి 1186లో చనిపోతే రెండో హెన్రీ ఆయన ఆస్తినీ, రావలసిన బాకీలనూ స్వాధీనం చేసుకున్నాడు. ఆ పత్రాల లెక్క తేల్చడానికి ఖజానాలో ఒక విభాగమే పెట్టవలసి వచ్చింది. నాలుగేళ్ళు తిరిగేసరికి, 1190 మార్చిలో, యార్క్ కోటలో తలదాచుకున్న దాదాపు 150 మంది యూదులు ప్రాణాలు పోగొట్టుకున్నారు. చాలామంది గుంపు చేతికి చిక్కకుండా తమవాళ్ళను చంపుకుని తామూ చనిపోయారు. ప్రాణాలతో బయటికి వచ్చినవాళ్ళను గుంపు చంపింది. ఆ గుంపును నడిపినవాళ్ళలో యూదులకు బాకీపడ్డ దొరలున్నారు. పని పూర్తయ్యాక వాళ్ళు తిన్నగా యార్క్ పెద్ద చర్చికి వెళ్ళి, అక్కడ భద్రపరిచిన అప్పు పత్రాలను తెప్పించి, చర్చి లోపలే తగలబెట్టారు. తాతగారి వేళ్ళను అంత వివరంగా చూపించావే, ఆ పత్రాలు తగలబెట్టిన వేళ్ళు ఎలా ఉంటాయో ఆలోచించావా?

నాకొక పిచ్చి ఉందని స్నేహితులు నవ్వుతారు. నవ్వనీ. ఏ పుకారుకైనా ఒక రచయిత ఉంటాడని నా నమ్మకం. ‘అనాదిగా ఉన్న ద్వేషం’, ‘మనిషి నైజం’ అని రాసి చేతులు దులుపుకుంటే నాకు ఒళ్ళు మండుతుంది. నువ్వూ ఆ మాట రెండు చోట్ల రాశావు. నైజానికి తేదీలుండవు. దీనికి తేదీలున్నాయి, చేతిరాతలున్నాయి, రాసినవాళ్ళ పేర్లున్నాయి. వాళ్ళది మన వృత్తే, అదే నాకు నిద్రపట్టనివ్వదు.

1144లో ఇంగ్లండులోని నార్విచ్ పక్క అడవిలో విలియం అనే పన్నెండేళ్ళ కుర్రాడి శవం దొరికింది. తోళ్ళ పని నేర్చుకుంటున్నవాడు. ఎవరు చంపారో ఈనాటికీ తేలలేదు. కొన్నేళ్ళకు మన్మత్ అనే ఊరి నుంచి థామస్ అనే సన్యాసి ఆ ఊరి మఠానికి వచ్చి చేరాడు. హత్య జరిగిననాడు ఊళ్ళో లేనివాడు కూర్చుని పుస్తకం రాశాడు: యూదులు ఆ పిల్లవాణ్ణి ఏసును హింసించినట్టు హింసించి చంపారట, ఏటా ఏ దేశంలో ఒక క్రైస్తవుణ్ణి బలి ఇవ్వాలో చీట్లు వేసుకుని తేల్చుకుంటారట. మఠానికి ఒక అమరుడు దొరికాడు, యాత్రికులు దొరికారు, కానుకలు దొరికాయి. కథకు నెత్తురు తాగడం వంటి హంగులు తరువాతివాళ్ళు చేర్చారు. 1475లో ఇప్పటి ఇటలీలోని ట్రెంటోలో మరో పిల్లవాడు చనిపోతే, యూదులను చిత్రహింసలు పెట్టి నేరం ఒప్పించి చంపారు. ఆ పిల్లవాడికి జరిగే పూజను చర్చి రద్దు చేసింది 1965లో! అప్పటికి మన దేశంలో పంచవర్ష ప్రణాళికలు నడుస్తున్నాయి.

సంపాదకులంటే నాకు పడదని విని ఉంటావు. పావెల్ క్రుషెవాన్ గురించి చెబుతాను, ఆ తరువాత నువ్వే న్యాయం చెప్పు. ఇప్పటి మాల్డోవా రాజధాని, అప్పటి రష్యా సామ్రాజ్యంలోని కిషినెవ్‌లో అతను పత్రిక నడిపేవాడు. 1903లో దగ్గరి ఊళ్ళో ఒక కుర్రాడు హత్యకు గురయ్యాడు. చంపింది బంధువు. పత్రిక మాత్రం యూదులు నెత్తురు కోసం చంపారంటూ నిప్పు రాజేస్తూ పోయింది. ఈస్టరు పండుగనాడు గుంపులు యూదుల ఇళ్ళ మీద పడ్డాయి, 49 మంది చనిపోయారు. సంపాదకుడు సిగ్గుపడ్డాడా? అదే ఏడాది సెయింట్ పీటర్స్‌బర్గ్‌లోని తన మరో పత్రికలో ‘ప్రొటోకాల్స్’ను సీరియల్‌గా వేశాడు. ప్రపంచాన్ని ఏలడానికి యూదు పెద్దలు పన్నిన రహస్య పథకమట అది.

1921లో లండన్ టైమ్స్ విలేకరి ఫిలిప్ గ్రేవ్స్ ఆ ‘ప్రొటోకాల్స్’లోని దొంగతనాన్ని పట్టుకున్నాడు. మోరిస్ జోలీ అనే ఫ్రెంచి న్యాయవాది తమ చక్రవర్తి మూడో నెపోలియన్‌ను ఎత్తిపొడుస్తూ 1864లో అచ్చువేసిన పుస్తకంలోంచి పేరాలకు పేరాలు ఎత్తేశారు. జోలీ పుస్తకంలో యూదుల కుట్ర ఊసే లేదు. అయినా ఆగిందా? అమెరికాలో హెన్రీ ఫోర్డ్ తన వారపత్రికలో 1920 నుంచి అదే సరుకు అమ్మి, కోర్టులో దావా పడ్డాక 1927లో క్షమాపణ చెప్పాడు. హిట్లర్ మరీ ఘనుడు. అది నకిలీ అని ఫ్రాంక్‌ఫర్ట్ పత్రిక మొత్తుకుంటోంది కాబట్టే అది అసలైనదని తన ఆత్మకథలో తేల్చాడు. ఆ ఆత్మకథ మన పుస్తక ప్రదర్శనల్లో వ్యక్తిత్వ వికాసం పుస్తకాల పక్కన దర్జాగా కూర్చుంటుంది.

నేను ఒక దినపత్రికలో ప్రూఫులు దిద్దే రోజుల్లో పాఠకుల లేఖల పేజీకి ఒక పెద్దమనిషి ఉత్తరం వచ్చింది. బ్యాంకులన్నీ యూదుల గుప్పిట్లో ఉన్నాయట, సాక్ష్యంగా ఈ పథకంలోని ముక్కలే. ఇది నకిలీ అని రుజువై యాభై ఏళ్ళు దాటిందండీ అని మా సంపాదకుడికి చెప్పాను. “మన దగ్గర యూదులెవరున్నారయ్యా, ఎవరికి నష్టం?” అని అచ్చుకు పంపేశాడు. నేను ఖండన రాసిస్తే స్థలాభావం అన్నాడు. ఆ వారమే అదే పేజీలో మామిడితాండ్ర మీద పెద్ద వ్యాసం పడింది. తాండ్ర మీద నాకు పగ లేదు, ఆయన మీద ఉంది. ఎవరున్నారయ్యా అన్నాడే, గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో తమను బెనె ఎఫ్రాయిం అని చెప్పుకుంటూ యూదు ఆచారాలు పాటించే తెలుగు కుటుంబాలున్నాయి. ఒక్కరూ లేకపోయినా నేను అదే తగువు పెట్టుకునేవాణ్ణి.

నీ ముగింపు చూద్దాం. 1945 జనవరిలో నాజీల నిర్బంధ శిబిరం తలుపులు తెరుచుకుంటాయి, సూర్యుడు ఉదయిస్తాడు. దాని మీద కొసమెరుపు: వయొలిన్ వాయించే ఆ దయగల జర్మన్ అధికారి అమ్మమ్మ యూదురాలు! ఈ కొసమెరుపు జబ్బు మీ తరానికి కథల పోటీలు అంటించాయి. న్యాయనిర్ణేతలు నూరు కథలు చదివి అలిసిపోయి, చివర్లో ఉలిక్కిపడేలా చేసినవాడికి బహుమతి ఇస్తారు. అమ్మమ్మ యూదురాలు కాకపోతే అతను దయ చూపకూడదా? నువ్వు తెలియకుండానే హిట్లర్ లెక్క ఒప్పుకున్నావు, నెత్తుట్లోనే అంతా ఉందని.

ఆ సూర్యోదయం తరువాత ఏం జరిగిందో విను. 1946 వేసవిలో, పోలండ్‌లోని కెల్చె పట్టణంలో, శిబిరాల నుంచీ సోవియట్ యూనియన్ నుంచీ తిరిగివచ్చిన యూదులు ప్లాంటీ వీధి ఏడో నంబరు ఇంట్లో ఉంటున్నారు. ఎనిమిదేళ్ళ కుర్రాడొకడు ఇంట్లో చెప్పకుండా పల్లెకు పోయి తిరిగివచ్చాడు. యూదులు నన్ను ఆ ఇంటి నేలమాళిగలో బంధించారని చెప్పాడు. జూలై 4న పోలీసులు వచ్చారు, సైనికులు వచ్చారు, జనం పోగయ్యారు. ఆ ఇంటికి నేలమాళిగే లేదు. లేదని తేలింది కూడా. అయినా సాయంత్రానికి 40 మందికి పైగా యూదులను చంపారు. సైనికులూ, పోలీసులూ, పక్కనున్న కర్మాగారపు కార్మికులూ అందులో ఉన్నారు. ఆ కుర్రాడు థామస్ పుస్తకం చదివి ఉంటాడా? అవసరం లేకపోయింది. ఎనిమిదివందల ఏళ్ళ కిందటి కథ అంత చిన్నవాడికి నోటికి వచ్చు.

గాజా మీద ఇజ్రాయెల్ ఇన్ని బాంబులు వేశాక యూదుల గురించి రాస్తే నన్నేమంటారోనని అడిగావు. బాంబులు వేసిన ప్రభుత్వాన్ని పేరుపెట్టి తిట్టు, నేనూ తిడతాను. ఇంకో దేశంలో, ఇంకో వీధిలో ప్రార్థనకు వెళ్ళిన ముసలివాళ్ళను దానికి జవాబుదారులను చేసేవాడు మాత్రం థామస్ శిష్యుడే. 2018 అక్టోబరులో అమెరికాలోని పిట్స్‌బర్గ్ యూదు ప్రార్థనాలయంలో 11 మందిని కాల్చి చంపినవాడు, శరణార్థులకు సాయపడే ఒక యూదు సంస్థ దేశంలోకి దండెత్తేవాళ్ళను తెస్తోందని ముందే ఇంటర్నెట్‌లో రాసిపెట్టి మరీ వెళ్ళాడు. అక్కడా రాతే ముందు.

కథ పేరు గురించీ, ముందుమాట ఎవరిచేత రాయించాలన్నదాని గురించీ కూడా అడిగావు. ముందుమాటల గురించి నన్ను కదిలించకు.

వయొలిన్ తీసెయ్యి. అధికారిని తీసెయ్యి. తాతగారిని దర్జీని చెయ్యి, ఆయనకే ఊళ్ళోవాళ్ళు కుట్టుకూలి బాకీ ఉండనీ. జడ అల్లే తల్లిని ఉంచు. వీలైతే మొత్తం పక్కనపెట్టి కెల్చెకు వెళ్ళు. ఆ ఇంట్లోకి మొదట అడుగుపెట్టి, నేలమాళిగ లేదని కళ్ళారా చూసిన పోలీసు ఒకడు ఉండి ఉంటాడు కదా. బయటికి వచ్చి జనానికి ఏం చెప్పాడు, ఏం చెప్పలేదు? అతని వైపు నుంచి రాయి. చేతిరాతతోనే పంపు, చదువుతాను. ఫోనులో మాత్రం పంపకు, నా కళ్ళు ఆ అక్షరాలను ఒప్పుకోవడం లేదు.