పాఠకుల ప్రశ్నలు: పాతిక తూటాల మ్యాగజైన్ నమ్మదగినదేనా?

ప్రశ్న: మా అబ్బాయి అమెరికాలో డల్లాస్ దగ్గర ఉంటున్నాడు. అక్కడి చట్ట ప్రకారం రూగర్ 10/22 రైఫిల్ కొనుక్కుని, సెలవు రోజుల్లో రేంజికి వెళ్లి కాగితపు టార్గెట్ల మీద గురి చూసుకుంటుంటాడు. రైఫిల్‌తో వచ్చిన పది తూటాల మ్యాగజైన్ (తూటాలు నింపి రైఫిల్‌కు తగిలించే డబ్బా) ఎన్నడూ మొరాయించలేదట. ఈ మధ్య వేరే కంపెనీ తయారుచేసిన 25 తూటాల మ్యాగజైన్ చవగ్గా దొరికితే తీసుకున్నాడు. నింపిన రెండు మూడుసార్లలో ఒకసారైనా తూటా ఇరుక్కుంటోందని చెబుతున్నాడు. తప్పు మ్యాగజైన్‌దా, తూటాలదా, రైఫిల్‌దా అన్నది తేల్చుకోవడం ఎలా? నా దగ్గర లైసెన్సుతో .22 బోల్ట్ యాక్షన్ రైఫిల్ ఉంది. దానికి సరిపడే పది తూటాల మ్యాగజైన్ ఒకటి సంక్రాంతికి వస్తూ తెస్తానంటున్నాడు. తెమ్మనవచ్చునా?
— ఒక పాఠకుడు, ఎంవీపీ కాలనీ, విశాఖపట్నం

జవాబు: మీ రెండో ప్రశ్నకు ముందు జవాబు చెబుతాను, ఎందుకంటే మీ అబ్బాయి సామాను సర్దుకోకముందే మీకు అది తెలియాలి. తెమ్మనవద్దు. 1959 నాటి ఆయుధాల చట్టం ఆయుధమంటే ఏమిటో చెప్పేటప్పుడు వాటి విడిభాగాలను కూడా అందులోనే చేర్చింది. అదే చట్టంలోని 10వ సెక్షన్ ప్రకారం, సాధారణంగా అందుకోసం ప్రత్యేకంగా లైసెన్సు పొందనివారు ఆయుధాలను గాని తూటాలను గాని దేశంలోకి తీసుకురాకూడదు. మీ చేతిలో ఉన్న లైసెన్సు రైఫిల్‌ను ఉంచుకోవడానికి ఇచ్చినదే తప్ప, విదేశం నుంచి దాని భాగాలను తెప్పించుకోవడానికి ఇచ్చినది కాదు. ఖాళీ మ్యాగజైన్‌లో తూటా లేదు కదా అన్న వాదన కస్టమ్స్ అధికారి ముందు నిలవదు. అమెరికా నుంచి ఇటువంటి వస్తువులను బయటికి పంపడానికి అక్కడి ఎగుమతి నిబంధనలు వేరే ఉన్నాయి. మీ పాత మ్యాగజైన్ అరిగిపోయి ఉంటే, లైసెన్సు పుస్తకం వెంట పెట్టుకుని లైసెన్సు ఉన్న ఆయుధాల డీలరు దగ్గరకు వెళ్లండి. ఏదైనా సందేహం ఉంటే లైసెన్సింగ్ అధికారిని రాతపూర్వకంగా అడిగి, జవాబును కూడా రాతపూర్వకంగానే తీసుకోండి.

ఇక మొదటి ప్రశ్న. .22 లాంగ్ రైఫిల్ తూటాకు అడుగున అంచు ఉంటుంది. ఆ అంచు వ్యాసం సుమారు 7 మిల్లీమీటర్లయితే, ఇత్తడి కేసు (మందు ఉండే గొట్టం) వ్యాసం 5.7 మిల్లీమీటర్లు మాత్రమే. మ్యాగజైన్ తయారుచేసేవారి తలనొప్పి అంతా ఈ ఒక్క మిల్లీమీటరు పైచిలుకు తేడాలోనే ఉన్నది. అంచు లేని తూటాలను ఒకదాని మీద ఒకటి పేర్చడం సులువు. అంచు ఉన్నవాటిని పేర్చేటప్పుడు పై తూటా అంచు కింది తూటా అంచుకు ముందు ఉండాలి. అది వెనుకకు జారిందా, బోల్ట్ (తూటాను బారెల్‌లోకి నెట్టే లోహపు భాగం) పై తూటాను ముందుకు తోసినప్పుడు దాని అంచు కిందిదాని అంచుకు తగులుకుని, రెండూ కలిసి ఇరుక్కుంటాయి. పైగా వెనుక వైపు లావుగా, ముందు వైపు సన్నగా ఉన్న తూటాలను వరుసగా పేర్చినకొద్దీ ఆ వరుస అరటిపండులా వంపు తిరుగుతుంది. పాతిక తూటాల మ్యాగజైన్‌కు ఉండే వంపు అందం కోసం పెట్టినది కాదు. ఆ వంపు లెక్క కొద్దిగా తప్పినా, మధ్యలో ఉన్న తూటాలు తలలు వాల్చేస్తాయి.

1964లో రూగర్ 10/22 రైఫిల్ వచ్చినప్పుడు దాని పది తూటాల మ్యాగజైన్ ఈ చిక్కును అసలు పుట్టనివ్వకుండా తప్పించింది. అందులో తూటాలు ఒకదాని మీద ఒకటి ఉండవు. గుండ్రంగా తిరిగే రోటర్‌లో ఒక్కొక్క తూటాకు ఒక్కొక్క గాడి ఉంటుంది, కాబట్టి ఒకదాని అంచు మరొకదానికి తగలదు. తూటా బయటికి వచ్చే చోటున ఉండే పెదవులు, అంటే ఫీడ్ లిప్స్, లోహంతో చేసినవి. మీ అబ్బాయి దగ్గరి పాత మ్యాగజైన్ మొరాయించకపోవడానికి కారణం ఇదే. అయితే ఆ గుండ్రటి ఏర్పాటులో పాతిక పట్టించడం కుదరదు, కాబట్టి ఎక్కువ తూటాలు కావాలన్నవారు మళ్లీ పేర్చే పద్ధతికే పోవలసి వచ్చింది. చాలాకాలం ఆ పని బయటి కంపెనీలే చేశాయి. 1994 నుంచి 2004 వరకు అమెరికాలో పదికి మించిన కొత్త మ్యాగజైన్ల అమ్మకం మీద దేశమంతటా నిషేధం ఉండేది. అది తొలగిపోయాక, 2011లో రూగర్ సంస్థ తానే బీఎక్స్-25 అనే పాతిక తూటాల మ్యాగజైన్‌ను ఉక్కు పెదవులతో తీసుకువచ్చింది. కాలిఫోర్నియా వంటి కొన్ని రాష్ట్రాలలో పది తూటాల పరిమితి ఇప్పటికీ ఉంది. మీ అబ్బాయి ఉంటున్న టెక్సాస్‌లో లేదు. మీ అబ్బాయి ఉద్యోగరీత్యా రాష్ట్రం మారే పని పడితే ఈ సంగతి గుర్తుంచుకోవాలి.

కాల్చకముందే కంటితో చూసి తెలుసుకోగలిగినది చాలా ఉంటుంది. ఖాళీ మ్యాగజైన్‌ను వెలుతురులో పట్టుకుని రెండు పెదవులూ ఒకే ఎత్తులో, ఒకే వంపుతో ఉన్నాయా చూడమనండి. అచ్చు పోసినప్పుడు మిగిలిన ప్లాస్టిక్ పొర అక్కడ గోటికి తగిలితే, తూటా ప్రతిసారీ అక్కడ గీసుకుంటుంది. ప్లాస్టిక్ పెదవుల అంచులు నాలుగైదు వందల తూటాల తరువాత ఎలా ఉన్నాయో మరోసారి చూడాలి. కొత్తలో బాగా పనిచేసి తరువాత మొరాయించే మ్యాగజైన్లలో సాధారణంగా అరిగేది ఆ అంచులే. లోపల తూటాలను పైకి నెట్టే ఫాలోయర్‌ను ఒక పుల్లతో అడుగు దాకా నొక్కి నెమ్మదిగా వదలాలి. అది ఎక్కడా ఆగకుండా, పక్కకు ఒరగకుండా పైకి రావాలి. తరువాత ఖాళీ రైఫిల్‌కు తగిలించి, ముందుకూ వెనుకకూ కదిపి చూడాలి. కొద్దిగా కదలిక ఉండడం మామూలే. కదిపినప్పుడు పెదవుల ఎత్తు మారుతూ ఉంటే మాత్రం ఆ మ్యాగజైన్ రైఫిల్‌లో సరిగా కూర్చోనట్టే.

అసలు పరీక్ష రేంజిలో చేయాలి, కాగితం కలం దగ్గర పెట్టుకుని చేయాలి. ఈ మాటకు చాలామంది నవ్వుతారు. కానీ కాగితం మీద పెట్టకుండా ‘అప్పుడప్పుడు ఇరుక్కుంటోంది’ అని చెప్పడం వైద్యుడికి ‘అప్పుడప్పుడు నొప్పి’ అని చెప్పడం లాంటిదే. మూడు రకాల తూటాలు తీసుకోవాలి. ఒక్కొక్క రకంతో కొత్త మ్యాగజైన్‌ను నాలుగుసార్లు నింపి కాల్చితే మొత్తం మూడు వందలు అవుతాయి. అదే రోజు, అదే రైఫిల్‌తో, అవే మూడు రకాలను రైఫిల్‌తో వచ్చిన పది తూటాల మ్యాగజైన్ నుంచి కూడా కాల్చాలి. పాతది ఏ తూటాతోనూ మొరాయించకుండా కొత్తది మాత్రమే మొరాయిస్తుంటే దోషం ఎక్కడుందో తెలిసిపోయింది. రెండూ ఒకే రకం తూటాతో తప్పుతుంటే మ్యాగజైన్‌ను తిట్టి లాభం లేదు, తూటాను మార్చాలి.

తప్పు జరిగిన ప్రతిసారీ అది ఎన్నో తూటా దగ్గర జరిగిందో, ఎలా జరిగిందో రాసుకోవాలి. నిండా నింపినప్పుడు మొదటి రెండు మూడు తూటాలే ఇబ్బంది పెడితే స్ప్రింగ్ మరీ బిగుసుకుపోతోందని అర్థం. 25 బదులు 23 నింపి చూడమనండి, చాలాసార్లు అంతటితో సర్దుకుంటుంది. మధ్యలో ఇరుక్కుంటే అంచు మీద అంచు పడుతోందేమోనని అనుమానించాలి. అటువంటప్పుడు మ్యాగజైన్‌ను తీసి, పై రెండు తూటాల అంచులు ఏది ముందు ఏది వెనుక ఉన్నాయో కళ్లారా చూడవచ్చు. చివరి రెండు మూడింటి దగ్గరే తప్పుతుంటే స్ప్రింగ్‌లో బలం చాలడం లేదు, లేదా ఫాలోయర్ ఒరుగుతోంది. తూటా పైకి లేచేలోపే బోల్ట్ దాని మీదుగా ముందుకు వెళ్లిపోయి చాంబర్ (బారెల్ వెనుక తూటా కూర్చునే చోటు) ఖాళీగా ఉండడం కూడా బలహీనమైన స్ప్రింగ్ లక్షణమే.

మ్యాగజైన్ మీద పడే నిందలలో కొన్ని దానికి చెందనివి. ట్రిగ్గర్ నొక్కినా పేలని తూటాను తీసి చూస్తే అంచు మీద సూది దెబ్బ స్పష్టంగా ఉన్నదనుకోండి, మ్యాగజైన్ తన పని తాను చేసింది, లోపం తూటాలో ఉంది. అయితే పేలని తూటాను వెంటనే తీయకూడదు. బారెల్‌ను టార్గెట్ వైపే ఉంచి కనీసం ముప్పై సెకన్లు ఆగిన తరువాతే బోల్ట్ తెరవాలి. పేలిన కేసు చాంబర్‌లోనే ఉండిపోవడానికి మసి పట్టిన చాంబర్ గాని, అరిగిన ఎక్స్‌ట్రాక్టర్ (కేసును వెనక్కి లాగే కొక్కెం) గాని సాధారణంగా కారణమవుతుంది. ఇలా అంచు మీద దెబ్బతో పేలే రిమ్‌ఫైర్ తూటాల మైనపు పూత, మసి కలిసి జిగురులా పట్టేస్తాయి కనుక పరీక్షకు ముందు రైఫిల్‌ను శుభ్రం చేయకపోతే ఆ పరీక్షకు విలువ లేదు. మరో సంగతి, పొడవైన మ్యాగజైన్ రైఫిల్ కిందికి బాగా వేలాడుతుంది. బల్ల మీద ఇసుక సంచి పెట్టి కాల్చేటప్పుడు అది బల్లకు ఆనితే పెదవులు పైకి ఎత్తుకుపోయి, మంచి మ్యాగజైన్ కూడా తప్పుతుంది. మీ అబ్బాయి బల్ల మీద నుంచి కాలుస్తున్నాడేమో ముందు అడగండి. నన్నడిగితే సగం ఫిర్యాదు అక్కడే తీరిపోవచ్చు.

కాల్చకుండా బయటికి తీసిన తూటాను కూడా చూడాలి. సీసపు గుండు మెత్తనిది. దాని ముక్కు నొక్కుకుపోయి ఉన్నా, ఒక పక్క సీసం చెక్కుకుపోయి ఉన్నా, ఆ మ్యాగజైన్ ఒక్కసారి కూడా ఇరుక్కోకపోయినా గురి చెదురుతుంది. ఐదేసి తూటాల గుంపులను రెండు మ్యాగజైన్లతోనూ 50 గజాల దూరంలో కాల్చి పోల్చితే ఆ తేడా కాగితం మీద కనబడుతుంది.

మూడు వందలలో రెండో మూడో తప్పులు జరిగితే, అవి కూడా ఒక రకం తూటాతోనే అయితే, కాలక్షేపానికి కాల్చేవారికి అది పనికివచ్చే మ్యాగజైనే. పదీ పదిహేనూ జరిగితే తిరిగి ఇచ్చేయడం మంచిది. పెదవులను ఆకురాయితో రుద్ది సరిచేసే ప్రయత్నం చేయవద్దని చెప్పండి. రుద్దినది మళ్లీ అతకదు, దుకాణంవాడు వెనక్కి తీసుకోడు.

ప్రశ్న: నా .22 రైఫిల్ మ్యాగజైన్ ఇనుముది. వానకాలం తరువాత తుప్పు మచ్చలు కనబడితే లోపల బాగా నూనె పోశాను. ఆ తరువాత కొన్ని తూటాలు పేలలేదు. తూటాలు నింపి ఉంచితే స్ప్రింగ్ బలహీనపడుతుందా?
— గాజువాక నుంచి ఒక పాఠకుడు

జవాబు: బీచ్ రోడ్డు పక్కనున్న ఇళ్లలో కిటికీ ఊచలు ఎంత తొందరగా తుప్పు పడతాయో చూసినవారికి ఉప్పుగాలి సంగతి చెప్పనక్కరలేదు, గాజువాక కూడా సముద్రానికి దూరమేమీ కాదు. కానీ మ్యాగజైన్ లోపల నూనె నిలవ ఉండకూడదు. ఆ నూనె దుమ్మును పట్టుకుని ఫాలోయర్‌ను బిగించేస్తుంది, తూటా కేసుకూ గుండుకూ మధ్య సందులోంచి లోపలికి చేరి మందును పాడుచేసే ప్రమాదమూ ఉంది. మ్యాగజైన్‌ను విప్పి, మెత్తని బట్టతో నూనె పూసి, మరొక పొడి బట్టతో కనబడనంతగా తుడిచేయండి. నూనెలో నానిన తూటాలను మళ్లీ వాడవద్దు, వాటిని ఏం చేయాలో డీలరును అడగండి. మంచి ఉక్కు స్ప్రింగ్‌ను నొక్కి ఉంచడం కంటే పదే పదే నొక్కి వదలడమే ఎక్కువ అరగదీస్తుంది. అయినా ఇంట్లో మ్యాగజైన్‌ను నింపి ఉంచకూడదు. అది స్ప్రింగ్ కోసం కాదు, ఇంట్లో ఉన్న పిల్లల కోసం.

ప్రశ్న: మా అమ్మాయి ఎయిర్ రైఫిల్ నుంచి .22కు మారుతోంది. పోటీలకు ఎక్కువ తూటాలు పట్టే మ్యాగజైన్ అవసరమా?
— ఒక తల్లి, మధురవాడ

జవాబు: అవసరం లేదమ్మా. 50 మీటర్ల రైఫిల్ పోటీలో మోకాలి మీద, పడుకుని, నిలబడి, మూడు భంగిమల్లోనూ ఒక్కొక్క తూటానే చేత్తో పెట్టి కాల్చాలి. ఆ డబ్బు తూటాలకు ఉంచండి. ఆమె రైఫిల్ ఏ రకం తూటాతో దగ్గర దగ్గరగా గుంపు పెడుతోందో తెలుసుకోవడానికే బోలెడన్ని కావాలి.