"నీ తప్పేం లేదు" అంటే ఆయన నోరు మూసుకుంటారు

ప్రశ్న: మాది గిద్దలూరు దగ్గర పల్లె. మా ఆయన ఆర్మీలో హవల్దారుగా రిటైరై రెండేళ్లయింది, ఇప్పుడు బ్యాంకులో గన్‌మ్యాన్. కశ్మీర్‌లోని కుప్వారాలో ఉన్నప్పుడు ఈయనకి జ్వరమొస్తే బదులుగా పెట్రోలింగ్‌కి వెళ్లిన స్నేహితుడు తిరిగి రాలేదు. ఇప్పుడు రాత్రిళ్లు ఉలిక్కిపడి లేస్తారు. దీపావళికి తలుపులేసుకుంటారు. రోజూ క్యాంటీన్ రమ్ము తాగుతున్నారు. "పోవాల్సింది నేనే" అంటారు. అత్తయ్యేమో గాలి సోకిందంటుంది. ఇది పిచ్చా?

జవాబు: పిచ్చి కాదమ్మా, గాలీ కాదు. ఉలికిపాటు, చెడిన నిద్ర, టపాకాయల చప్పుడుకి బెదరడం పీటీఎస్‌డీ, అంటే ఘోరమైన అనుభవం తర్వాత మనసుకు వచ్చే జబ్బు, లక్షణాలు కావచ్చు. దానికి వైద్యం ఉంది.

కానీ మీ ఉత్తరంలో నన్ను కదిలించింది "పోవాల్సింది నేనే" అన్న మాట. అది భయం కాదు, తాను బతికి ఉన్నందుకు పడుతున్న బాధ. వియత్నాం యుద్ధం చేసి వచ్చిన అమెరికా సైనికులకు వైద్యం చేసిన జోనాథన్ షే, ప్రాణభయం మిగిల్చే దెబ్బ వేరు, అన్యాయం జరిగిపోయిందన్న బాధ వేరు అని చెప్పి, రెండోదాన్ని నైతిక గాయం అన్నారు. మీ ఆయనది ఆ కోవకు దగ్గరిదే అనిపిస్తోంది.

అందుకే "నీ తప్పేం లేదు, దేశసేవ చేశావు" అని ఊరడించకండి. ఆ స్నేహితుడి గురించి అడగండి. ఏ ఊరు, ఏం ఇష్టంగా తినేవాడు, ఇంట్లో ఎవరున్నారు అని. చెబితే వినండి, చెప్పకపోతే వదిలేయండి. ఆయనకే మనసైనప్పుడు ఆ కుటుంబానికి ఫోన్ చేస్తారు, తొందరపెట్టొద్దు. రాత్రి ఉలిక్కిపడితే తట్టి లేపకండి, లైటు వేసి దూరం నుంచి పిలవండి.

మాజీ సైనికుల వైద్య పథకం ఈసీహెచ్‌ఎస్ కార్డుతో పాలీక్లినిక్‌కి వెళ్తే సైకియాట్రిస్టుకి రాసిస్తారు. తెలిసినవాళ్లు చూస్తారని మొహమాటపడితే ముందు 14416కి, అంటే మానసిక సమస్యల కోసం ప్రభుత్వం నడిపే టెలీ మానస్ హెల్ప్‌లైన్‌కి, ఫోన్ చేయించండి. ఉచితం, తెలుగులోనే మాట్లాడొచ్చు. రమ్ము మాత్రం ఒక్కసారిగా మాన్పించకండి, ఫిట్స్ రావచ్చు. డాక్టరు చెప్పినట్టే తగ్గించాలి.

ఇంకొకటి, ఇది ఈరోజే చేయండి. "చచ్చిపోవాలనిపిస్తోందా?" అని సూటిగా అడగండి. అడిగితే లేని ఆలోచన పుట్టదు. ఔనంటే ఒంటరిగా వదలకండి, వెంటనే ఆస్పత్రికి తీసుకెళ్లండి. ఆయన లైసెన్సు తుపాకీ ఇంట్లో ఉండకూడదు. బంధువుల్లో పెద్దవాళ్లతో మాట్లాడించి పోలీస్ స్టేషన్‌లో డిపాజిట్ చేయించండి.

అత్తయ్యగారు తాయెత్తు కట్టిస్తానంటే కట్టించనివ్వండి, దానికోసం గొడవొద్దు. పాలీక్లినిక్‌కి మాత్రం ఆవిడనే వెంట తీసుకెళ్లండి. తల్లి రమ్మంటే ఆయన కాదనలేరు.