స్టాపర్ బ్యాక్ ఆడే మేనల్లుడికి

ఒరేయ్ చిన్నోడా,

క్లబ్బు మారదామనుకుంటున్నావని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. ఫస్ట్ టీంలోకి తీసుకోవట్లేదు, ఎప్పుడైనా దింపినా గోల్ ముందు మధ్యలో కాపలా కాసే స్టాపర్‌గా కాకుండా కుడి అంచున రైట్ బ్యాక్‌లో నిలబెడుతున్నారు, అదీ నీ బాధ. మారొద్దని నేననను. మారేముందు బార్సిలోనా ఫుట్‌బాల్ క్లబ్బుకి స్టాపర్‌గా ఆడిన కార్లెస్ పుయోల్ సంగతి ఒకసారి వినమంటాను. నీ గది గోడ నిండా మెస్సీ బొమ్మలే. బ్యాక్ ఆడేవాడు చూసి నేర్చుకోవాల్సింది అతని వెనకాల కాపలా కాసినవాణ్ణి.

పుయోల్‌ది స్పెయిన్‌లోని కాటలోనియాలో లా పోబ్లా దె సెగుర్ అనే చిన్న ఊరు. కుర్రతనంలో గోల్‌కీపర్, తర్వాత ఫార్వర్డ్. 1995లో బార్సిలోనా వాళ్ల అకాడమీ లా మాసియాలో చేరేసరికి పదిహేడేళ్లు. అక్కడి పిల్లలతో పోలిస్తే ఆలస్యంగా వచ్చినట్టే. మిడ్‌ఫీల్డ్‌లో ఆడించారు, ఆడాడు. రైట్ బ్యాక్‌కి పంపారు, వెళ్లాడు. స్టాపర్‌గా కుదురుకున్నది ఆ తర్వాతే. నిన్ను రైట్ బ్యాక్‌లో పెడితే మొహం మాడ్చుకుంటున్నావట. ఆ చోట అంచు వెంట దూసుకొచ్చే వింగర్ వెనక పరిగెత్తి నేర్చుకున్నది రేపు మధ్యలో నిలబడ్డప్పుడు పనికొస్తుందిరా.

1998లో మాలగా క్లబ్బు అతన్ని అడిగింది. ఇచ్చేయడానికి బార్సిలోనా కూడా ఒప్పుకుంది. కానీ తన జతగాడు షావి అప్పుడే ఫస్ట్ టీంలో ఆడటం చూసి, నేను వెళ్లనన్నాడు. మరుసటి ఏడాది అక్టోబరు 2న కోచ్ వాన్ గాల్ అతన్నీ దింపాడు. ఇక్కడ ఒట్టి అభిమానంతో కూర్చున్నాడనుకోకు. తనలాంటివాడు పైకి వెళ్లడం కళ్లారా చూశాడు. నువ్వూ అదే లెక్క వేసుకో. ఈ రెండు మూడేళ్లలో మీ జూనియర్లలో ఎవరినైనా పైకి తీసుకున్నారా? ఒక్కణ్ణీ తీసుకోకపోయుంటే నీ బ్యాగు నేనే సర్దిపెడతాను.

పైకి వెళ్లగానే సుఖపడ్డాడా అంటే అదీ లేదు. మొదటి ఐదు సీజన్లూ ఒక్క పెద్ద కప్పు రాలేదు. కోచ్‌లు మారుతూ పోయారు. 2000లో టీం స్టార్ వింగర్ ఫిగో ఏకంగా బద్ధ ప్రత్యర్థి రియల్ మాడ్రిడ్‌కే వెళ్లిపోయాడు. ఆ అక్టోబరులో ఫిగో మాడ్రిడ్ తెల్ల జెర్సీతో బార్సిలోనా సొంత స్టేడియం క్యాంప్ నౌకి తిరిగొచ్చిన రాత్రి స్టేడియమంతా ఈలలూ తిట్లూ. అతన్ని పట్టుకునే పని ఇరవై రెండేళ్ల పుయోల్‌కి అప్పజెప్పారు. ఆ మ్యాచ్ వీడియో దొరికితే బంతిని వదిలేసి పుయోల్‌ని చూడు. ఫిగో పక్కకి జరిగితే తనూ జరుగుతాడు. వెనక్కి దిగితే తనూ దిగుతాడు. నీడలా వదల్లేదు. బార్సిలోనా 2-0తో గెలిచింది. గోల్స్ వేసింది వేరేవాళ్లు, అయినా జనం ఇప్పటికీ చెప్పుకునేది ఈ కాపలా గురించే.

2004లో కెప్టెన్ అయ్యాడు. ఆ తర్వాత కప్పులకి కొదవ లేదు: మొత్తం ఆరు లీగ్ టైటిళ్లు, మూడు చాంపియన్స్ లీగులు, 593 మ్యాచ్‌లు. ఇవి నీకు నోటికొచ్చే ఉంటాయి.

నీ ఎత్తు గురించి కూడా దిగులుట. పుయోల్ 178 సెంటీమీటర్లే. 2010 ప్రపంచ కప్ సెమీఫైనల్లో, డర్బన్‌లో, స్పెయిన్ తరఫున జర్మనీ మీద 73వ నిమిషంలో షావి కార్నర్ వేశాడు. పుయోల్ బాక్స్ బయటి నుంచి పరుగందుకుని గాల్లోకి లేచాడు. పక్కనే ఎగిరిన తోటి స్టాపర్ పికే అతనికంటే చాలా పొడుగు, కానీ బంతి అందింది పుయోల్‌కే. నిలబడ్డ చోటి నుంచి ఎగిరేవాడికీ పరిగెత్తుకొచ్చి ఎగిరేవాడికీ తేడా అది. సాయంత్రం ప్రాక్టీసులో నలభై హెడర్లు నిలబడి కొట్టే బదులు పది పరుగు మీద కొట్టు.

టీంలో వాళ్లతో ఎలా ఉండాలో కూడా అతన్నే చూడు. 2012లో రాయో వయ్యెకానో మీద గోల్ పడ్డాక తన టీంవాళ్లే థియాగో, ఆల్వెస్ డాన్సు మొదలెడితే వెళ్లి ఆపేశాడు. ఓడిపోతున్నవాళ్ల ముందు ఆ గెంతులేంటని. 2011లో వెంబ్లీలో చాంపియన్స్ లీగ్ ఫైనల్ అయ్యాక, కాలేయానికి ఆపరేషన్ చేయించుకుని వచ్చిన తోటి బ్యాక్ అబిదాల్ చేతికి కెప్టెన్ పట్టీ ఇచ్చి కప్పు అతనితోనే ఎత్తించాడు. నాకైతే ఆ జర్మనీ గోల్ కన్నా ఇదే గొప్ప.

ఇక వెళ్లడం గురించి. మోకాళ్ల ఆపరేషన్లతో మునుపటిలా ఆడలేనని తెలిశాక, కాంట్రాక్టు ఇంకా రెండేళ్లుండగానే, 2014 మార్చిలో ఈ సీజన్‌తో వెళ్లిపోతానని చెప్పేశాడు. పేరుంది కదా అని బెంచీ మీద కూర్చుని జీతం తీసుకోవచ్చు, ఎవరూ అడగరు. తీసుకోలేదు.

నీ కాంట్రాక్టు కాగితం ఫొటో తీసి నాకు పంపు, ఎన్నాళ్లుందో, మధ్యలో వదిలితే ఏమవుతుందో చదివి చెప్తాను. మీ కోచ్‌ని ఈ వారమే ఒంటరిగా కలువు. ‘నన్నెందుకు ఆడించట్లేదు’ అనకు, ‘రైట్ బ్యాక్‌లో నేనేం సరిచేసుకోవాలి సార్’ అని అడుగు. ఆయన చెప్పింది మాట పొల్లుపోకుండా రాసుకునిరా.

మీ మావయ్య